వచ్చినవాళ్లు: ఒక్కరు

ఆమెకిప్పుడు నలభై రెండేళ్లు. ఊళ్లో సగం మందికి ఇప్పటికీ ఆమె 'చెప్పులమ్మాయే'. చెప్పులు కుట్టలేదు, అమ్మలేదు, పాపం ఎవరి మీదా విసరనూ లేదు. పదిహేనేళ్ల కిందట ఒక పాట పాడింది, అంతే. వానలో బస్సు తప్పిపోయిన పిల్ల తడిసిన చెప్పులు చేత్తో పట్టుకుని ఇంటిదాకా నడిచిపోయే పాట. ఆ ఏడాది అది మోగని ఆటో లేదు, అది పాడుకోని బాత్‌రూము లేదు. జనం చెవి కోసుకున్నారు. తర్వాత పాట పేరు మరిచిపోయారు, పాడినామె పేరు మరిచిపోయారు, చెప్పులు మాత్రం గుర్తుపెట్టుకున్నారు.

ఆ పాట రికార్డు చేసింది నేనే. వెల్డింగు షాపు పైన మేడగది నాది. గోడలకి గోనెపట్టాలు, వాటి మీద స్పాంజి, ఒక మంచి మైకు, ఒక ముసలి మిక్సరు, తలుపు సరిగ్గా పడని ఇనప బీరువా. కింద గ్రైండరు గీరుతుంటే పైన ప్రేమపాట రికార్డు చేయడం ఎంత నరకమో చేసినవాడికే తెలుసు. అందుకే రొద తీసేయడం నాకు బాగా పట్టుబడింది. పాటగాళ్లు నన్ను 'రొదల డాక్టరు' అంటారు. ఆ పేరంటే నాకు మహా గర్వంగా ఉండేది.

ఆ పాట రోజున కింద షాపుకి పెద్ద గేటు పని వచ్చింది. పొద్దున్నించీ ఒకటే గీకుడు. "మా ఇంటికి పోదాం రా అన్నా, అక్కడ పిట్ట కూడా అరవదు" అంది. ఆమె ఇల్లంటే పెద్దమ్మ ఇల్లు. తల్లి పోయాక ఆమెని పెంచింది ఆవిడే. ఊరి చివర, రెల్లు పెరిగిన చిత్తడి నేల పక్కన రెండు గదులు. సామానంతా ఆటోలో కుక్కుకుని, ఆమె పాటకి గిటారు వాయించే అతన్నీ ఎక్కించుకుని వెళ్లాం. ముందురోజే తొలివాన పడింది. సాయంత్రం అయిదయిందో లేదో కప్పలు అందుకున్నాయి. ఒకటీ రెండూ కాదు, వందలు. వీటికంటే గ్రైండరే నయం అనిపించింది. గిటారతను పొట్ట పట్టుకుని నవ్వుతాడు, పెద్దమ్మ వంటింట్లోంచి కేకలేస్తుంది, ఈమె సగంలో ఆగి మళ్లీ మొదలుపెడుతుంది. అంతా కప్పల తక్కెడ అయిపోయి నా తలప్రాణం తోకకొచ్చింది.

తర్వాత నాలుగు రోజులు కుర్చీలోంచి లేవకుండా, ఆమె గొంతు మీద గీత పడకుండా, కప్పలన్నిటినీ పాటలోంచి ఏరి పారేశాను. పాటల కంపెనీవాళ్లు విని "స్టూడియోలో చేశారు కదా?" అన్నారు. నేను అవునన్నాను. నా జీవితంలో నేను చేసిన గొప్ప పని అదేనని చాలా ఏళ్లు నమ్మాను.

మూడేళ్లు ఆమె కాలికి బలపం కట్టుకుని తిరిగింది. విమానాలు, హోటళ్లు, పెద్ద పెద్ద వేదికలు. ఆ మూడో ఏట ఒకరోజు నా గదికి వచ్చి, "ఈసారి వాన మూడు వారాలు లేటు అన్నా. కప్పలు రెండు రోజులే అరిచి మానేశాయి" అంది.

"వాటికేమన్నా ఆఫీసు టైమా అమ్మా?" అన్నాను. ఇద్దరం నవ్వుకున్నాం. ఆ జోకు తల్చుకుంటే ఇప్పుడు నా మీద నాకే మంటగా ఉంటుంది. ఎందుకంటే ఆమె ఆ మాట అన్నది నవ్వడానికి కాదు, ఎవరైనా 'ఎందుకట?' అని అడుగుతారేమోనని.

ఎవరూ అడక్కపోయేసరికి తనే వెతుక్కుంది. వాతావరణ ఆఫీసులో పాత వానల లెక్కలు రాసుకుంది, లైబ్రరీలో కూర్చుని చదివింది, చదివినవాళ్ల దగ్గర కూర్చుని అడిగింది. ఊరు వేడెక్కుతోంది, వాన దారి తప్పుతోంది, ఉన్న నీటినేలని పూడ్చుకుంటూ పోతే రేపు తాగడానికీ ఉండదు, మునగడానికి మాత్రం ఉంటుంది. ఇదీ ఆమెకి అర్థమైంది. అర్థమయ్యాక ఊరుకోవచ్చుగా! ముక్కుసూటి మనిషి. సిమెంటు కంపెనీ ప్రకటనకి పాడనంది. విమానం ఎక్కనంది. రెండు రోజులు రైల్లో కూర్చుని వచ్చే పాటగత్తె కోసం ఎవరాగుతారు? పిలుపులు తగ్గాయి, ఆగిపోయాయి. గిటారతను ఆమెని చేసుకుందామనుకున్నాడు. "నువ్వు భూమిని పట్టుకు కూర్చుంటే నేనెక్కడ కూర్చోవాలి?" అని అడిగి, వేరే ఊళ్లో వేరే బ్యాండులో చేరిపోయాడు. వాణ్ణి తప్పుపట్టలేను. ఆమెనీ తప్పుపట్టలేను.

అప్పట్నించి ఆమె బతుకు సభలు. స్కూలు వరండాలు, కాలనీ పార్కులు, బస్టాండు ఎదుట చెట్టు నీడ. ఎండతో చార్జయ్యే స్పీకరొకటి కొనుక్కుంది. మబ్బు పడితే అది పలకదు. అంటే వానల గురించి మాట్లాడే మనిషికి వానొస్తే మైకు లేదు! ఈ మాట చెప్పి ఆమే నవ్వించేది, నవ్వేవాళ్లుంటే. సభకి ఏడుగురు వస్తే అందులో ఇద్దరు నీడకొచ్చినవాళ్లు, ఒకడు వాచ్‌మన్. మిగిలిన నలుగురూ "చెప్పుల పాట, చెప్పుల పాట" అని గోల చేసి, అది కాగానే లేచి వెళ్లిపోయేవాళ్లు. ఒళ్లు మండి తొమ్మిదేళ్ల కిందట ఆ పాట పాడటం మానేసింది. దాంతో ఆ నలుగురూ రావడం మానేశారు.

ఏటా ఒక్కసారి మాత్రం నా గదికి వచ్చేది. తొలివాన పడ్డ మర్నాడు. చేతిసంచిలోంచి చిన్న రికార్డరు తీసి, దాంట్లోంచి వేలిగోరంత కార్డు తీసి ఇచ్చేది.

"ఇది నీ దగ్గర దాచు అన్నా. మా ఇంట్లో చెమ్మ."

"కొత్త కార్డు కొనుక్కోరాదూ ఏటా?"

"ఉన్నది పనిచేస్తోందిగా. కొత్తది ఎందుకు?"

నేను కాపీ చేసుకుని కార్డు తుడిచి ఇచ్చేసేవాణ్ణి. టీ తాగేది, వెళ్లేది. పన్నెండేళ్లు, పన్నెండు రికార్డింగులు. ఏముంది ఇందులో అని నేను అడగలేదు. మొదట్లో ఒకసారి విన్నాను. ఆమె గొంతు: తేదీ ఇది, టైము ఇది, వేడి ఇంత. ఆ తర్వాత, "వచ్చినవాళ్లు: ఒక్కరు." సభల రిపోర్టులు రాసీ రాసీ పట్టుబడ్డ అలవాటు కాబోలు, చిత్తడి ఒడ్డున ఒంటరిగా కూర్చున్నా వచ్చినవాళ్ల లెక్క చెప్పేది. ఆ మాటకి నాకు నవ్వొచ్చింది. ఏదో డైరీ చెప్పుకుంటోందిలే అనుకున్నాను. ఆరేళ్ల కిందట పెద్దమ్మ పోయిందని తెలిస్తే ఫోన్లో రెండు ముక్కలు కొట్టి పంపాను. వెళ్లలేదు. అదీ మా అన్నాచెల్లెళ్ల వరస.

పోయిన ఎండాకాలం ఆ చిత్తడి నేలని పూడ్చి గోడౌన్లు కడతామని నోటీసు వచ్చింది. అభ్యంతరాలుంటే కమిటీ ముందు చెప్పుకోవాలి. ఆమె వెళ్లి చెప్పుకుంది. గోడౌన్ల తరఫు వకీలు, "అది ఎప్పుడూ ఎండు నేలేనండీ, అక్కడ బతికేది దుమ్మొక్కటే" అన్నాడట. నీటినేలని పూడ్చకూడదని రూలుంది, కానీ అది ఒకప్పుడైనా నీటినేలేనని రుజువు కావాలి. కమిటీ పెద్దావిడ పది రోజులు గడువిచ్చింది.

ఆ మధ్యాహ్నం ఆమె నా మెట్లు రెండేసి ఎక్కుతూ వచ్చింది. అంత హుషారుగా నేను ఆమెని చూసి ఎన్నాళ్లయిందో.

"అన్నా, నా పన్నెండూ తీయి. కప్పలు చాలు, వాళ్ల నోరు మూతపడుతుంది. మొదటి ఏట వందల్లో ఉంటాయి, తర్వాత తగ్గుతూ వస్తాయి. అంతా ఉంది అందులో."

కంప్యూటరు వైపు తిప్పిన కుర్చీ సగంలో ఆపేశాను.

మా పనిలో రొద ఎలా తీస్తామో చెబితే తప్ప నేను చేసింది మీకు తెలియదు. మనిషి మాట్లాడని చోటు ఒకటి చూసి, అక్కడ వినిపించేదంతా రొద అని కంప్యూటరుకి చూపిస్తాం. అది గుర్తుపెట్టుకుని, మొత్తం రికార్డింగులో అది ఎక్కడున్నా తుడిచేస్తుంది. ముప్ఫై ఏళ్ల అలవాటు. నా చేతికి గొంతు వస్తే ముందు శుభ్రం చేస్తాను, తర్వాతే దాస్తాను. ఆమె డైరీ అనుకున్నాను కదా, పోనీ గొంతు చక్కగా వినపడనీ అని ఏటా శుభ్రం చేశాను. శుభ్రం చేసింది మాత్రమే ఉంచాను. ప్రేమగానే చేశాను, అదే చెప్పుకోలేని బాధ.

మొదటిది పెట్టాను. స్పీకర్లలోంచి ముప్ఫై ఏళ్ల ఆమె గొంతు. తేదీ. టైము. వేడి. వచ్చినవాళ్లు: ఒక్కరు. ఆ తర్వాత ఏమీ లేదు. పది నిమిషాల పాటు ఏమీ లేదు. రెండోది పెట్టాను. మూడోది. తొలివాన తేదీలు ఏటికేడు ఆలస్యమవుతున్నాయి, వేడి అంకె పెరుగుతోంది, గొంతు కాస్త కాస్త బొంగురుపోతోంది. వచ్చినవాళ్లు: ఒక్కరు. వచ్చినవాళ్లు: ఒక్కరు. చుట్టూ గాలి కూడా లేదు. ప్రపంచంలో ఇంకెవరూ మిగలనట్టుంది ఆ గొంతు.

ఆమె అయిదోదాకా విన్నది. "కప్పలేవి అన్నా?" అంది.

"శుభ్రం చేశానమ్మా."

అరుస్తుందనుకున్నాను. అరిస్తే బాగుండేది. ఆ నల్ల స్పీకరు గూడు వైపే చూసి, "నన్ను ఒక్కదాన్నే ఉంచావా?" అంది. సంచి తీసుకుని మెట్లు దిగింది. గొడుగు మర్చిపోయింది.

కింద గ్రైండరు గీరుతూనే ఉంది. ఆ పూట నేను పని చేయలేదు. నన్ను నేను తిట్టుకోవడానికి నాకు తెలిసిన తిట్లు చాల్లేదు. పన్నెండేళ్లు! ఒక్కసారి, ఒక్క ఏడు, టీ తాగేటప్పుడు 'ఏంటమ్మా ఇది?' అని అడిగితే నా సొమ్మేం పోయేది? పాటయితే ఇలా చేసేవాణ్ణా? పాట ముడి రికార్డింగుని ఎవడూ ముట్టుకోడు. అది మా పనిలో మొదటి నియమం. పాటయితే ఉన్నదున్నట్టు ఒక డిస్కులో పెట్టి, డబ్బా మీద తేదీ, చోటు రాసి, బీరువాలో...

అక్కడే ఆగిపోయాను. లేచి బీరువా తలుపు కాలితో తన్ని తెరిచాను.

డబ్బా అడుగున ఉంది. పదిహేనేళ్ల కిందటి తేదీ, 'పెద్దమ్మగారి ఇల్లు' అని నా అక్షరాలు, పక్కన సాక్షిగా గిటారతని సంతకం. పెట్టి విన్నాను. పూర్తిగా వినకుండానే గొడుగు, డిస్కు పట్టుకుని బయల్దేరాను.

పదిహేనేళ్ల తర్వాత ఆ ఇంటికి వెళ్లడం. ముందు గదిలో ఒక్కటే కుర్చీ. నన్ను అందులో కూర్చోబెట్టి తను గుమ్మంలో నిలబడింది. గిటారు గోడకి ఉంది, రెండు తీగలు లేవు. బట్టలతీగ మీద ఒక తువ్వాలు, గట్టు మీద ఒక గ్లాసు. రెండో గ్లాసు కోసం అటకంతా వెతికి, దుమ్ము కడిగి నీళ్లిచ్చింది. మనిషి రావడం ఆ ఇంటికి అలవాటు తప్పిందని అప్పుడు తెలిసింది.

"నీ చెప్పుల పాట ముడిది దొరికింది. కప్పలున్నాయి. వందల్లో" అన్నాను.

"ఆ పాట వద్దు."

"ఎందుకమ్మా? రుజువు కావాలన్నావుగా?"

"పన్నెండేళ్లు పనిచేశాను అన్నా. ఎండలో తిరిగాను, చదివాను, ఊరూరా చెప్పాను. అదంతా ఎవరికీ అక్కర్లేదు. మళ్లీ చెప్పులే పట్టుకెళ్లాలా? నేను చేసిందేదీ పనికిరాదా?"

"చేసింది నువ్వు, చెరిపింది నేను. ఆ మాట నేనే వచ్చి కమిటీ ముందు చెబుతా" అన్నాను. ఆమె బయటికి చూసింది. బయట రెల్లు ఎండి, నేల నెర్రెలిచ్చి ఉంది. "సరే" అంది, చచ్చినట్టు.

కమిటీ గదిలో పొడుగు బల్ల, గిరగిర తిరిగే ఫ్యాను, నీళ్ల సీసాలు. నేను లేచి నా పని ఏంటో, ఏం చేశానో చెప్పాను. వకీలు మధ్యలోనే అందుకున్నాడు.

"అంటే పన్నెండేళ్ల సాక్ష్యం మీరే తుడిచేశారన్నమాట, రొదల డాక్టరుగారూ!"

అందరూ నవ్వారు. నా పేరు అంత చేదుగా నేనెప్పుడూ వినలేదు. "అవునండీ, నేనే" అన్నాను. శుభ్రం చేసినవి నాలుగు వినిపించాను, తేదీల కోసం, వేడి కోసం. 'ఒక్కరు, ఒక్కరు' అని వినబడుతుంటే ఆమె తలెత్తలేదు. నవ్వినవాళ్లు మూడోదానికి మానేశారు. తర్వాత డబ్బా చూపించి, సంతకం చూపించి, ముడిది పెట్టాను.

ముందు కప్పలు. గది నిండిపోయింది. ఫ్యాను చప్పుడు మునిగిపోయింది. వాటి మధ్య ఇరవై ఏడేళ్ల గొంతు పాట ఎత్తుకుంది, వేరే వాద్యాలేవీ లేకుండా, ఒట్టి గిటారు మీద. కమిటీలో ఇద్దరు గుర్తుపట్టి ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. రెండో చరణంలో పాట ఆగింది, గిటారతని నవ్వు, ఆ వెనకాల వంటింట్లోంచి పెద్దమ్మ కేక:

"ఎంతసేపు ఆగుతారే? అవి మనకంటే ముందునించీ ఉంటున్నాయి. అవి ఊరుకోవు, మీరే ఊరుకోండి!"

కమిటీ పెద్దావిడ నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుని నవ్వింది. నేను ఈమె వైపు చూశాను. ఆరేళ్ల తర్వాత ఆ గొంతు వింటోంది. ఆ కేక అందులో ఉందని నేను ముందే చెప్పాల్సింది. మళ్లీ చెప్పలేదు, చూడండి, నాకు బుద్ధి ఎప్పటికొస్తుందో. ఆమె బల్ల అంచు రెండు చేతులతో పట్టుకుని, చప్పుడు కాకుండా, నోరు తెరుచుకుని ఏడ్చింది. తుడుచుకోలేదు.

"మళ్లీ ఒకసారి పెట్టండి" అంది పెద్దావిడ. వకీలు లేవబోతే కూర్చోమంది.

తీర్పు గొప్పగా ఏమీ రాలేదు. ఒకప్పుడు నీటినేలేనని ఒప్పుకున్నారు. ఇప్పటికీ అవునో కాదో తేలడానికి మూడు వానలు గడువిచ్చారు. మూడేళ్లలో ఆ నేల మళ్లీ తడిసి బతికితే ఉంటుంది, లేకపోతే గోడౌన్లు. సాక్ష్యం రికార్డింగులు పంపమన్నారు. ముడివే పంపాలని నా మొహం చూసి మరీ చెప్పారు.

ఈ ఏడు తొలివాన ఇంకా ఆలస్యంగా పడింది. పడగానే గదికి తాళమేసి, గొడుగేసుకుని, నేనే వెళ్లాను. ఆమె అప్పటికే గట్టు మీద గోనెపట్టా పరుచుకుని ఉంది. నన్ను చూసి కాస్త జరిగింది. అయిదయింది. రికార్డరు నొక్కి, నాలుగడుగులు అవతలికెళ్లి, నాకు వినపడనంత మెల్లగా లెక్కలు చెప్పి వచ్చి కూర్చుంది.

పది నిమిషాలు కదలకుండా కూర్చున్నాం. రెల్లు మీంచి నీటి బొట్లు రాలాయి. ఎనిమిదో నిమిషంలో దూరంగా ఒక కప్ప అరిచింది. ఒక్కటే. ఆగి, మళ్లీ అరిచింది. దానికి ఇంకే కప్పా బదులివ్వలేదు. ఆమె చెయ్యి నా మణికట్టు మీద పడి, పట్టు బిగిసి, పది నిమిషాలూ అయ్యేదాకా అలాగే ఉంది. నాకు దగ్గొచ్చింది, ఆపుకోలేకపోయాను. అదీ రికార్డయింది.

మర్నాడు కార్డు తెచ్చింది. కాపీ చేసి, ముట్టుకోకుండా, డబ్బా మీద తేదీ, చోటు రాశాను. ఆమె వెళ్లాక ఒకసారి విన్నాను. తేదీ చెప్పింది. టైము చెప్పింది. వేడి చెప్పింది. "వచ్చినవాళ్లు" అని ఆగింది. నోటికి వచ్చిన పాత మాట ఆపుకున్నట్టుంది. మా పనిలో అలాంటి ఖాళీ కనిపిస్తే కత్తిరించి రెండు మాటల్నీ దగ్గరికి జరుపుతాం. నాలుగు సెకన్లుంది. తర్వాత, "ఇద్దరు" అంది.

ఆ నాలుగు సెకన్లూ అలాగే ఉంచాను.